జూనియర్‌కు సూపర్‌వైజర్ పోస్టు వచ్చింది, నన్నెందుకు పక్కన పెట్టారో ఎవరూ చెప్పడం లేదు

ప్రశ్న: మేడమ్, నేను పదిహేడేళ్లుగా అంగన్‌వాడీ టీచర్‌గా పనిచేస్తున్నాను. మొదటి నాలుగేళ్లు మినీ కేంద్రంలో (చిన్న ఆవాసాల కోసం పెట్టే చిన్న అంగన్‌వాడీ), తర్వాత మెయిన్ కేంద్రంలో. డిగ్రీ ఉంది. ఈసారి సూపర్‌వైజర్ గ్రేడ్-2 పోస్టులకు దరఖాస్తు పెట్టాను. నెలన్నర కిందట సెలెక్షన్ లిస్టు వచ్చింది. నాకంటే ఐదేళ్లు వెనక చేరిన పక్క ఊరి టీచర్ పేరు అందులో ఉంది, నా పేరు లేదు. సీనియారిటీ లిస్టు మాకెప్పుడూ చూపించలేదు. ఆఫీసులో అడిగితే ఒకరు "మినీలో చేసిన సర్వీసు లెక్కలోకి రాదు" అన్నారు. ఇంకొకరు "రెండేళ్ల కిందట మీ మీద మెమో ఉంది కదా" అన్నారు. ఆ మెమో గుడ్ల స్టాకులో తేడా గురించి. అప్పుడే సంజాయిషీ రాసిచ్చాను, తర్వాత ఎవరూ ఏమీ అనలేదు. కారణం రాసివ్వమంటే "పైనుంచి వచ్చిన లిస్టు, మేమేం రాసిస్తాం" అంటున్నారు. మాది గౌరవ వేతనం కాబట్టి కోర్టుకు వెళ్లినా నిలబడదని ఇంట్లో అంటున్నారు. సెలెక్టయిన ఆవిడ నాకు మంచి స్నేహితురాలు. ఇప్పుడు సెక్టార్ మీటింగులో ఇద్దరం పక్కపక్కన కూర్చోలేకపోతున్నాం. నేనేం చెయ్యాలి?
— ఒక అంగన్‌వాడీ టీచర్

సమాధానం:

అమ్మా, మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. లిస్టులో పేరు లేదన్న బాధ ఒకటైతే, అడిగిన ప్రతిచోటా తలా ఒక మాట చెప్పి పంపించడం అంతకన్నా పెద్ద బాధ. పదిహేడేళ్లు పసిపిల్లల్ని, బాలింతల్ని చూసుకున్న మనిషికి "మిమ్మల్ని ఇందుకు తీసుకోలేదు" అని ఒక్క వాక్యం రాసివ్వడానికి ఆఫీసుకు తీరిక లేకపోవడం అన్యాయం. నేను చాలాకాలం ఒక ప్రభుత్వ కార్యాలయంలో సర్వీసు ఫైళ్లు చూసిన దాన్ని. బల్లకు అటువైపు ఎలా ఉంటుందో తెలుసు కాబట్టి మీకు సూటిగా ఒక మాట చెప్తాను. ముందు కారణాన్ని కాగితం మీదికి రాబట్టండి. పోస్టు మీకు రావాలా వద్దా అన్నది ఆ తర్వాతి సంగతి. ఈ రెండింటినీ కలిపేసి "నాకు అన్యాయం జరిగింది, పోస్టు ఇవ్వండి" అని రాస్తే ఆ అర్జీ ఎక్కడా ముందుకు కదలదు.

ఎందుకంటే ప్రమోషన్ ఎవరికీ హక్కుగా రాదు. కానీ అర్హత ఉన్న మనిషి పేరును నిబంధనల ప్రకారం పరిశీలించడం మాత్రం హక్కే. రాజ్యాంగం 16వ అధికరణంలో ఉన్న సమానావకాశం అంటే ఇదేనని సుప్రీంకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. మీ పేరు చూసి, అందరికీ పెట్టిన కొలతే మీకూ పెట్టి, "ఈ కారణంతో ఈమె కన్నా ఆమెను తీసుకున్నాం" అని చెప్పగలిగితే వాళ్లు గెలుస్తారు. అది చెప్పలేకపోతే మీరు గెలుస్తారు. అప్పుడు కూడా కోర్టు సాధారణంగా ఇచ్చేది పోస్టు కాదు, మీ పేరును మళ్లీ సరిగ్గా పరిశీలించమన్న ఆదేశం. ఈ సంగతి ఇప్పుడే తెలిసి ఉంటే తర్వాత నిరాశ పడరు.

ఇక మీ ఇంట్లోవాళ్లు అన్న మాట. అందులో సగం నిజం ఉంది. అంగన్‌వాడీలను నడిపే ఐసీడీఎస్ పథకం 1975 అక్టోబర్ 2న మొదలైనప్పుడే టీచర్లను, ఆయాలను గౌరవ వేతనం మీద పనిచేసే సేవకులుగా పెట్టుకున్నారు. ఆ పునాది యాభై ఏళ్లుగా మారలేదు. 2006లో కర్ణాటకకు చెందిన అమీర్‌బీ కేసులో సుప్రీంకోర్టు కూడా అంగన్‌వాడీ టీచర్లది సివిల్ పోస్టు, అంటే రెగ్యులర్ ప్రభుత్వ ఉద్యోగం, కాదంది. అందుకే విచారణ లేకుండా తొలగించకూడదని రెగ్యులర్ ఉద్యోగులకు 311వ అధికరణం కింద ఉండే రక్షణ మీకు లేదు. మీకు "నిలబడదు" అని చెప్పేవాళ్లు దాదాపు అందరూ ఈ తీర్పు మీదే ఆగిపోతారు.

కానీ కథ అక్కడితో అయిపోలేదు. 2022 ఏప్రిల్‌లో గుజరాత్‌కు చెందిన మణిబెన్ కేసులో ఇదే సుప్రీంకోర్టు అంగన్‌వాడీ టీచర్లకు, ఆయాలకు గ్రాట్యుటీ చట్టం వర్తిస్తుందని తేల్చింది. 2013 ఆహార భద్రత చట్టం వచ్చాక అంగన్‌వాడీల పని చట్టం అప్పగించిన పని అయిందని ఆ తీర్పులో గట్టిగా రాశారు. ఇంతకన్నా ముఖ్యమైనది ఇంకొకటుంది. మీరు ఇప్పుడు చేస్తున్న పని గౌరవ వేతనానిది కావచ్చు, మీరు దరఖాస్తు పెట్టిన సూపర్‌వైజర్ గ్రేడ్-2 రెగ్యులర్ పోస్టు మాత్రం ప్రభుత్వ సర్వీసులోది. దాని భర్తీ నిబంధనల ప్రకారం, అందరినీ సమానంగా చూసి జరగాల్సిందే. మీ ప్రశ్న ఆ భర్తీ గురించి. కాబట్టి హైకోర్టు తలుపు మీకు మూసి లేదు. కేంద్రం 2022లో ఇచ్చిన సక్షమ్ అంగన్‌వాడీ, పోషణ్ 2.0 మార్గదర్శకాల్లో కూడా సూపర్‌వైజర్ పోస్టుల్లో సగం ఐదేళ్ల అనుభవం ఉన్న టీచర్లతో, టీచర్ పోస్టుల్లో సగం ఐదేళ్ల అనుభవం ఉన్న ఆయాలతో భర్తీ చెయ్యాలని ఉంది, మిగతా అర్హతలు ఉంటేనే అనుకోండి. ఇది ఎవరో దయతలచి ఇస్తున్న పోస్టు కాదని మీకు తెలియడానికి చెప్తున్నాను.

ఇప్పుడు ఆఫీసులో మీకు చెప్పిన రెండు కారణాలు విడివిడిగా చూద్దాం. మీ కేసు బలమంతా వీటిలోనే ఉంది, కాబట్టి కాస్త ఓపిగ్గా చదవండి.

మొదటిది మినీ సర్వీసు. దీనికి జవాబు నా దగ్గర లేదు, మీ నోటిఫికేషన్‌లో ఉంది. మీరు దరఖాస్తు పెట్టిన నోటిఫికేషన్ కాపీ తీసి, అనుభవం గురించి ఏం రాశారో అక్షరం అక్షరం చదవండి. "మెయిన్ కేంద్రంలో టీచర్‌గా ఇన్నేళ్లు" అని స్పష్టంగా ఉంటే మీ నాలుగేళ్లు పోయినట్టే. అయినా మెయిన్‌లో పదమూడేళ్లు మిగులుతాయి. మీ స్నేహితురాలు చేరింది మీ తర్వాత ఐదేళ్లకు, అంటే ఆమెకు పన్నెండేళ్లు. మినీ సర్వీసు మొత్తం తీసేసినా మీరే ఒక ఏడాది ముందున్నారు! ఈ లెక్క ఆఫీసులో ఎవరైనా వేశారో లేదో నాకు అనుమానమే. మీ చేరిన తేదీలు, ఆమె చేరిన తేదీ సరిగ్గా తెలుసుకుని మీరే మరోసారి వేసుకోండి. అర్జీలో ఇదే మీ మొదటి పాయింటు.

నోటిఫికేషన్‌లో మినీ, మెయిన్ అన్న తేడా లేకుండా "అంగన్‌వాడీ టీచర్‌గా అనుభవం" అని మాత్రమే ఉండి, లిస్టు తయారుచేసేటప్పుడు ఎవరో కొత్తగా ఆ తేడా తెచ్చి ఉంటే అది ఇంకా పెద్ద తప్పు. ఆట మొదలయ్యాక ఆట నియమాలు మార్చకూడదని 2008లో కె.మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది మన ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జీల ఎంపిక మీద వచ్చిన కేసే. ఇంటర్వ్యూలకు కనీస మార్కులు ఉండాలన్న షరతును ఇంటర్వ్యూలు అయిపోయాక తెచ్చిపెడితే కోర్టు ఒప్పుకోలేదు. 2024 నవంబర్‌లో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం కూడా ఈ సూత్రాన్ని నిలబెట్టింది. జడ్జీల పోస్టులకు వర్తించిన న్యాయం సూపర్‌వైజర్ పోస్టుకు వర్తించకుండా పోదు.

ఒక జాగ్రత్త. ఆ షరతు నోటిఫికేషన్‌లో ముందే ఉండి, మీరు చదివి, అభ్యంతరం చెప్పకుండా దరఖాస్తు పెట్టి ఉంటే ఇప్పుడు ఆ షరతే తప్పని వాదించడం కష్టం. పరీక్ష రాసి, ఫలితం వచ్చాక ప్రశ్నపత్రం బాలేదన్నట్టు ఉంటుందని అవతలివాళ్లు అంటారు, కోర్టులు చాలాసార్లు ఆ మాట వింటాయి కూడా.

రెండోది మెమో. దీని గురించి మీరు పెట్టుకున్న భయం అక్కర్లేదని నా అభిప్రాయం. మెమో అంటే "దీనికేం చెప్తారు" అని అడగడం. మీరు చెప్పారు. ఆ తర్వాత వాళ్లు చెయ్యాల్సిన పని ఒకటుంది: మీ సంజాయిషీ చదివి, తృప్తిగా ఉంటే ఫైలు మూసెయ్యాలి, లేదంటే విచారణ పెట్టి, మీ వాదన విని, తప్పుంటే తప్పని ఆర్డరు ఇవ్వాలి. రెండేళ్లుగా ఈ రెండూ చెయ్యకుండా ఇప్పుడు ప్రమోషన్ వేళ ఆ కాగితం బయటికి తీస్తే, విచారణ లేకుండానే శిక్ష వేసినట్టు. 1991లో జానకిరామన్ కేసులో సుప్రీంకోర్టు దాదాపు ఇదే ప్రశ్న తేల్చింది. ఉద్యోగి మీద ప్రాథమిక విచారణ నడుస్తోందనో, ఆరోపణ ఉందనో ప్రమోషన్ ఆపకూడదు, అభియోగ పత్రం జారీ అయితేనే ఆ మాట ఎత్తాలని. అది రెగ్యులర్ ఉద్యోగుల కేసు. మీ విషయంలో యథాతథంగా వర్తించదని వాళ్లు వాదించవచ్చు. కానీ దాని వెనకున్న న్యాయం అందరికీ అర్థమయ్యేదే: తేలని ఆరోపణ మనిషి నెత్తిమీద ఏళ్ల తరబడి వేలాడకూడదు.

గుడ్ల స్టాకులో తేడా ఎన్ని రకాలుగా వస్తుందో మీకు నేను చెప్పనక్కర్లేదు. సప్లయి చేసేవాళ్లు తక్కువ దింపి పూర్తి సంఖ్యకు సంతకం పెట్టించుకోవడం, దారిలో పగలడం, హాజరుకూ ఆన్‌లైన్‌లో ఎక్కించిన లెక్కకూ పొంతన కుదరకపోవడం. మీ సంజాయిషీలో ఏ కారణం రాశారో ఆ కాపీ వెతికి పట్టుకోండి. ఆ నెల స్టాకు రిజిస్టర్ పేజీ, అప్పటి విజిట్ బుక్‌లో సూపర్‌వైజర్ రాసిన రిమార్కు కూడా ఫోటో తీసి పెట్టుకోండి. అసలు రిజిస్టర్లు కేంద్రం దాటనివ్వకండి, అది మళ్లీ ఇంకో మెమోకు దారి తీస్తుంది.

చూశారా, ఒకే లిస్టుకు ఇద్దరు రెండు కారణాలు చెప్పారు. రేపు మీరు కోర్టుకు వెళ్తే మూడో కారణం పుట్టుకొస్తుంది. ఫైలులో ఒక కారణం ఉంటుంది, కోర్టులో కౌంటర్ అఫిడవిట్ (ప్రభుత్వం ప్రమాణం మీద ఇచ్చే జవాబు) వేసేటప్పుడు దానికి ఇంకో రెండు అతికిస్తారు. నేను పనిచేసిన చోట ఇలా జరగడం కళ్లారా చూశాను. దీనికి కూడా పాత మందు ఉంది. 1977 చివర్లో వచ్చిన మొహిందర్ సింగ్ గిల్ తీర్పు ప్రకారం, ఒక ఉత్తర్వు మంచిచెడ్డలు అందులో ఉన్న కారణాలతోనే తేల్చాలి, తర్వాత అఫిడవిట్‌లో కొత్త కారణాలు చేర్చి దాన్ని నిలబెట్టడం కుదరదు. అందుకే కారణాన్ని ఇప్పుడే, వాళ్ల చేతి రాతలోనే రాబట్టమంటున్నాను. ఒకసారి కాగితం మీద పడ్డ కారణం మారదు.

ఎలా రాబట్టాలి? రెండు కాగితాలు ఒకే రోజు వెళ్లాలి.

ఒకటి మీ అర్జీ. లిస్టు మీద ఎవరి సంతకం ఉందో ఆ అధికారికి రాయండి, కాపీ మీ ప్రాజెక్టు అధికారి అయిన సీడీపీఓకు, జిల్లా అధికారికి పంపండి. మీది ఏ రాష్ట్రమో రాయలేదు. తెలంగాణ అయితే జిల్లా సంక్షేమ అధికారి, ఆంధ్ర అయితే ఐసీడీఎస్ పీడీ (ప్రాజెక్టు డైరెక్టర్). భాష మెత్తగా, విషయం గట్టిగా ఉండాలి. నేనైతే ఇలా రాస్తాను:

"నేను ఫలానా తేదీ నుంచి ఫలానా మినీ కేంద్రంలోను, ఫలానా తేదీ నుంచి ఫలానా మెయిన్ కేంద్రంలోను టీచర్‌గా పనిచేస్తున్నాను. ఫలానా నోటిఫికేషన్ ప్రకారం సూపర్‌వైజర్ గ్రేడ్-2 పోస్టుకు దరఖాస్తు చేశాను. ఫలానా తేదీన వెలువడిన ఎంపిక జాబితాలో నా పేరు లేదు. నాకంటే తర్వాత చేరినవారి పేరు ఉంది. సీనియారిటీ జాబితాను మాకు చూపలేదు, అభ్యంతరం చెప్పుకునే అవకాశం ఇవ్వలేదు. నా పేరును పరిశీలించారో లేదో, పరిశీలిస్తే ఏ కారణంతో పక్కన పెట్టారో తెలియజేయలేదు. మినీ కేంద్రం సర్వీసు లెక్కలోకి రాదని, పాత మెమో ఉందని నోటిమాటగా చెప్పారు. మినీ సర్వీసు తీసివేసినా నా సర్వీసు ఎక్కువే. మెమోకు ఫలానా తేదీన సంజాయిషీ ఇచ్చాను, దానిపై ఇప్పటివరకు ఏ ఉత్తర్వూ రాలేదు. కాబట్టి కారణాలు రాతపూర్వకంగా తెలియజేసి, నా వివరణ విని, నా పేరును మళ్లీ పరిశీలించాలని, అంతవరకు ఒక పోస్టు ఖాళీగా ఉంచాలని కోరుతున్నాను."

అంతే. ఒక్క పేజీ దాటకూడదు. "పదిహేడేళ్ల నా కష్టం" అని మొదలుపెట్టి నాలుగు పేజీలు రాయాలని మనసు లాగుతుంది, ఆ కష్టం నిజమే. కానీ నాలుగు పేజీల అర్జీని సెక్షన్‌లో ఎవరూ చివరిదాకా చదవరు. అలాగే "డబ్బులు చేతులు మారాయి", "ఫలానా నాయకుడు చెప్పాడు" అని రాయమని సలహా ఇచ్చేవాళ్లు తప్పకుండా వస్తారు. రుజువు లేకుండా ఆ మాట రాయకండి. మీ ఉత్తరంలో మీరు అలాంటి నింద ఒక్కటి కూడా వెయ్యలేదు, అది మీకు మేలు చేస్తుంది. ఎంపిక కమిటీలో ఎవరైనా అభ్యర్థికి దగ్గరి బంధువు ఉన్నారని తేదీలతో, పేర్లతో చూపించగలిగితే మాత్రం రాయండి, అది వేరే సంగతి. ఎంపిక చేసేవాడికి ఆ ఎంపికలో సొంత లాభం ఉండకూడదని, అతను ఆ కాసేపు పక్కకు తప్పుకున్నా చాలదని 1969లోనే క్రైపాక్ కేసులో సుప్రీంకోర్టు ఒక ఎంపికను కొట్టేసింది.

అర్జీ చేతికిస్తే మీ కాపీ మీద ఆఫీసు ముద్ర, తేదీ వేయించుకోండి. ముద్ర వెయ్యబోమని వాళ్లంటే గొడవ పడకుండా అదే రోజు రిజిస్టర్ పోస్టులో పంపించి ఆ రసీదు, అక్నాలెడ్జ్‌మెంట్ దాచుకోండి.

రెండో కాగితం సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు. ఇందులో చాలామంది చేసే పొరపాటు "నన్నెందుకు తీసుకోలేదు?" అని అడగడం. ఆ చట్టం కింద ఆఫీసులో ఉన్న కాగితాలు అడగాలి. "ఎందుకు" అని అడిగితే అది సమాచారం కిందికి రాదని ఒక్క ముక్కలో తిప్పి పంపేస్తారు. కాబట్టి నోటిఫికేషన్ కాపీ, ప్రొవిజనల్ సీనియారిటీ లిస్టు, ఫైనల్ లిస్టు, వాటిని ఏ తేదీన ఎక్కడ ప్రదర్శించారో చూపే నోట్, నా దరఖాస్తు పరిశీలన పత్రం, ఎంపిక కమిటీ మినిట్స్‌లో నా పేరుకు సంబంధించిన భాగం, ఫలానా నంబరు మెమో ఫైలులో నా సంజాయిషీ తర్వాతి నోట్‌లు అని అడగండి. పరీక్ష పెట్టి ఉంటే మీ జవాబు పత్రం కాపీ కూడా అడగవచ్చు. మీ జవాబు పత్రం చూసుకునే హక్కు మీకుందని 2011లోనే సుప్రీంకోర్టు చెప్పింది. మీ స్నేహితురాలి సర్టిఫికెట్లు, సొంత వివరాలు మాత్రం అడగొద్దు, ఆ వంకతో దరఖాస్తు మొత్తం తిరగ్గొడతారు. ముప్పై రోజుల్లో జవాబు రావాలి. రాకపోతే మరో ముప్పై రోజుల్లోపు అదే శాఖలోని పై అధికారికి మొదటి అప్పీలు.

ఈ చట్టంలోనే ఎవరూ పెద్దగా పట్టించుకోని ఒక నిబంధన ఉంది, 4వ సెక్షన్‌లో. పాలనాపరమైన నిర్ణయం వల్ల ప్రభావితమైనవాళ్లకు దాని కారణాలు చెప్పడం ప్రతి ప్రభుత్వ కార్యాలయం బాధ్యత. వాళ్లు అడగకపోయినా సరే చెప్పాలి. మీ అర్జీ చివర "సమాచార హక్కు చట్టం సెక్షన్ 4(1)(డి) ప్రకారం కారణాలు తెలియజేయగలరు" అని ఒక వాక్యం చేర్చండి. ఆ వాక్యం చూశాక "పైనుంచి వచ్చింది" అనే జవాబు కాగితం మీద రాయడానికి ఎవరికీ చెయ్యి ఆడదు.

మీ ప్రాజెక్టులో ఇలా పక్కన పడ్డ టీచర్లు ఇంకెవరైనా ఉన్నారేమో కనుక్కోండి. సీనియారిటీ లిస్టు ఎవరికీ చూపించకపోతే అది మీ ఒక్కరి ఫిర్యాదు కాదు. యూనియన్ ఉంటే వాళ్లకు చెప్పండి. కానీ మీ అర్జీ మీ పేరుతో, మీ సంతకంతో విడిగా వెళ్లాలి. సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో కూడా ఒక కాపీ ఇవ్వచ్చు, దానితో నంబరు పడుతుంది. అంతకుమించి దాని మీద ఆశ పెట్టుకోకండి.

ఈ పనంతా జరుగుతున్నప్పుడు క్యాలెండర్ మీద కన్ను వేసి ఉంచండి. నాకు బాగా తెలిసిన ఒక ఉద్యోగిని, వేరే శాఖలో, ఇలాగే జూనియర్‌కు ప్రమోషన్ వస్తే మూడేళ్లలో ఐదు అర్జీలు పెట్టుకుంది. ప్రతిసారీ "పరిశీలనలో ఉంది" అన్నారు. ఆమె నమ్మింది. చివరికి కోర్టుకు వెళ్తే న్యాయమూర్తి అడిగిన మొదటి ప్రశ్న, ఇన్నాళ్లూ ఏం చేశారని. కేసులో బలం ఉంది, కానీ కాలం మించిపోయింది. ఆమె ముఖం నాకింకా గుర్తుంది. జూనియర్‌కు ప్రమోషన్ ఇచ్చారని బాధపడేవాళ్లు ఆరు నెలల్లో, మహా అయితే ఏడాదిలోపు కోర్టుకు రావాలని తమిళనాడుకు చెందిన సదాశివస్వామి కేసులో సుప్రీంకోర్టు చెప్పి యాభై ఏళ్లవుతోంది. అర్జీల మీద అర్జీలు పెట్టుకుంటూ పోతే ఆ గడువు పెరగదు. మీకు ఇప్పటికే నెలన్నర గడిచింది. అర్జీ ఇచ్చాక ఒక నెల చూడండి, ఒకసారి గుర్తుచేస్తూ రాయండి, మరో నెలలో జవాబు రాకపోతే లాయర్ దగ్గరికి వెళ్లండి. ఈలోగా లిస్టులోవాళ్లకు పోస్టింగులు ఇస్తున్నారని తెలిస్తే ఆ రెండు నెలలు కూడా ఆగొద్దు.

రెండు రాష్ట్రాల్లోనూ ఇప్పుడు ఉద్యోగుల సర్వీసు కేసులు వినే అడ్మినిస్ట్రేటివ్ ట్రైబ్యునల్ లేదు. 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ వెయ్యాలి, హైదరాబాద్‌లోనో అమరావతిలోనో. ఖర్చు తలుచుకుని టెన్షన్ పడకండి. 1987 న్యాయ సేవల అధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు ఆదాయంతో పని లేకుండా ఉచిత న్యాయ సహాయం ఉంది. తెల్లకార్డు చూపించాల్సిన పని కూడా లేదు. మీ జిల్లా కోర్టు ఆవరణలో ఉన్న జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్లి అడిగితే హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీకి రాస్తారు. 15100 నంబరుకు ఫోన్ చేసినా దారి చెప్తారు. చాలామంది టీచర్లకు ఈ సంగతి తెలియక అప్పు చేసి లాయర్‌ను పెట్టుకుంటున్నారు.

ఇంకో మాట దాచకుండా చెప్పాలి. కాగితాలు చేతికొచ్చాక మీ స్నేహితురాలి ఎంపిక న్యాయమైనదేనని తేలవచ్చు. ఆ పోస్టు రోస్టర్‌లో, అంటే రిజర్వేషన్ల వరుసలో, ఒక వర్గానికి కేటాయించింది కావచ్చు. భర్తీ సీనియారిటీతో కాకుండా రాతపరీక్ష మార్కులతో జరిగి ఉండవచ్చు, అప్పుడు ఐదేళ్ల తేడాకు విలువ తక్కువ. నోటిఫికేషన్‌లో అడిగిన ఫలానా సబ్జెక్టుతో డిగ్రీ ఆమెకు ఉండి మీకు లేకపోవచ్చు. అలా తేలితే కోర్టు ఖర్చు, కాలం మిగుల్చుకుని వచ్చేసారికి సిద్ధం కండి. కానీ అప్పుడు కూడా మీ మెమో ఫైలు మూయించుకునే పని మాత్రం వదలకండి. మూయకపోతే వచ్చేసారి కూడా అదే కాగితం అడ్డు పడుతుంది.

చివరగా ఆ స్నేహితురాలి సంగతి. రిట్ వేస్తే ఆమెను కూడా ప్రతివాదిగా చేర్చక తప్పదు. ఎవరి పోస్టు పోయే అవకాశం ఉందో వాళ్ల మాట వినకుండా కోర్టు ఆర్డరు ఇవ్వదు, ఇవ్వకూడదు కూడా. మీకు కావాలంటున్న న్యాయమే ఆమెకూ దక్కాలి కదా. అంటే ఒకరోజు ఆమె ఇంటికి హైకోర్టు నోటీసు వెళ్తుంది, దాని మీద మీ పేరు ఉంటుంది. ఆ నోటీసు చూసి ఆమెకు మొదటిసారి తెలియకూడదు. అర్జీ పోస్టు చెయ్యడానికి ముందే ఆమె దగ్గరికి వెళ్లండి. "నీ మీద నాకేం లేదు. నన్నెందుకు వదిలేశారో ఆఫీసు చెప్పడం లేదు, నేను అడగబోతున్నాను" అని మీ నోటితో చెప్పండి. ఆమె నొచ్చుకోవచ్చు, నాలుగు రోజులు మాట్లాడకపోవచ్చు. ఆమెకూ పన్నెండేళ్ల సర్వీసు ఉంది, ఆమె కూడా ఎప్పుడో ఒక సర్వే రిపోర్టు కోసమో, ఒక బరువు మిషన్ కోసమో ఆఫీసు మెట్ల మీద గంటలు నిలబడి ఉంటుంది. ఆ లిస్టు ఆమె తయారు చెయ్యలేదు. వచ్చే సెక్టార్ మీటింగుకు ముందే వెళ్లి కలవండి, వీలైతే ఇద్దరూ ఒకే ఆటోలో మీటింగుకు రండి.